ఉపా కేసులో మీ ఇంటివాళ్లను పట్టుకెళ్తే: విశాఖలో ఉన్నవాళ్లు ఏం చేయాలి, ఏది ముందు చేయాలి

ఉపా (చట్టవిరుద్ధ కార్యకలాపాల నిరోధక చట్టం, ఇంగ్లీషులో యూఏపీఏ) కేసులో పట్టుకెళ్లిన మనిషి కోసం కుటుంబం చేయగలిగింది దాదాపు అంతా కాగితాలు, తేదీల చుట్టూనే తిరుగుతుంది. ఏ టైముకు తీసుకెళ్లారు, ఎవరు తీసుకెళ్లారు, ఏ కాగితం ఇచ్చారు, ఏది ఇవ్వలేదు అనే వివరాలు మొదటి రోజే రాసిపెట్టుకున్నవాళ్ల లాయరుకు ఆరు నెలల తర్వాత కూడా వాదించడానికి ఏదో ఒకటి ఉంటుంది. ఏడుస్తూ, ఫోన్లు చేసుకుంటూ ఆ రోజును పోగొట్టుకున్నవాళ్లకు మిగిలేది తక్కువ. అందుకే మీరు టెన్షన్‌లో ఉన్నా చదివి పాటించగలిగేలా ఇది రాస్తున్నాను.

మీవాడు తప్పు చేశాడా లేదా అన్నది ఇప్పుడు పక్కన పెట్టండి. ఇక్కడ చెప్పే హక్కులు తప్పు చేయనివాడికి ఎంత ఉన్నాయో చేసినవాడికీ అంతే ఉన్నాయి. బాంబు పేలుడులో మనుషుల్ని పోగొట్టుకున్న కుటుంబానికి కూడా అసలు దోషి దొరకాలి కానీ దొరికినవాడు దోషి కాకూడదు కదా.

మిలటరీ కోర్టు అన్న భయం

విశాఖలో ఈ పుకారు తొందరగా పుడుతుంది. తూర్పు నౌకాదళ కేంద్రం ఇక్కడే ఉంది, డాక్‌యార్డ్ ఉంది. ఎవరినైనా ఉగ్రవాదం అనో గూఢచర్యం అనో పట్టుకుంటే ‘నేవీవాళ్లు తీసుకుపోయారట, మిలటరీ కోర్టులో వేస్తారట, ఇక లాయరు కూడా ఉండడట’ అని వీధంతా చెప్పుకుంటారు. మన దేశంలో సాధారణ పౌరుణ్ని ఉగ్రవాద కేసులో విచారించేది మామూలు క్రిమినల్ కోర్టే. ఎన్ఐఏ (జాతీయ దర్యాప్తు సంస్థ) చట్టం కింద ప్రత్యేక కోర్టు అన్నా అందులో కూర్చునేది సెషన్స్ స్థాయి జడ్జి, వాదించేది మామూలు లాయర్లు, పైన హైకోర్టు, ఆ పైన సుప్రీంకోర్టు. డాక్‌యార్డ్ గేటు దగ్గర భద్రతా సిబ్బంది ఎవరినైనా ఆపినా, ఆలస్యం చేయకుండా పోలీసులకు అప్పగించాల్సిందే.

2019 డిసెంబరులో బయటపడ్డ విశాఖ నేవీ గూఢచర్యం కేసు చూడండి. అరెస్టయినవాళ్లలో ఎక్కువమంది ఉద్యోగంలో ఉన్న నావికులు. నేవీ చట్టం 1957 కింద కోర్టు మార్షల్ (సైనిక విచారణ) పెట్టే అధికారం ఉన్నా, ఆ కేసు ఎన్ఐఏ చేతికి వెళ్లింది, ఉపా, అధికార రహస్యాల చట్టం సెక్షన్లతో ఎన్ఐఏ కోర్టుకే చార్జిషీటు వెళ్లింది. మీవాడు నేవీలో ఉద్యోగి అయి, నిజంగానే కోర్టు మార్షల్ జరిగితే, దాని తీర్పు మీద 2007 చట్టంతో ఏర్పడ్డ సాయుధ దళాల ట్రిబ్యునల్‌కు అప్పీలు ఉంటుంది. ఆ దారి వేరు, దానికి సర్వీసు కేసులు చూసే లాయరు కావాలి.

అసలు మిలటరీ ట్రిబ్యునళ్లు ఉన్నచోట ఏం జరిగిందో తెలిస్తే మామూలు కోర్టు విలువ తెలుస్తుంది. అమెరికా 2002 జనవరిలో గ్వాంటనామో జైలు తెరిచింది. అక్కడి ఖైదీల కోసం అధ్యక్షుడి ఉత్తర్వుతో పెట్టిన సైనిక కమిషన్లు చెల్లవని 2006లో హమ్దాన్ కేసులో వాళ్ల సుప్రీంకోర్టే కొట్టేసింది. అమెరికా పార్లమెంటు కొత్త చట్టం చేసి వాటిని మళ్లీ నిలబెట్టింది. ఖైదీలకు హెబియస్ కార్పస్ హక్కు (తమ నిర్బంధం చట్టబద్ధమేనా అని కోర్టులో ప్రశ్నించే హక్కు) ఉందని 2008లో బూమెడియన్ కేసులో మరో తీర్పు వచ్చింది. సెప్టెంబరు 11 దాడుల కేసులో ప్రధాన నిందితులకు 2012లో అభియోగాలు చదివి వినిపించారు. 2025 ముగిసేనాటికి కూడా అసలు విచారణ మొదలుకాలేదు. మన దగ్గర 2008 నవంబరులో ముంబయిలో దొరికిన కసబ్‌కు మామూలు చట్టం కింద, ప్రభుత్వమే లాయరును పెట్టి, 2010 మే నాటికి కింది కోర్టులో శిక్ష వేశారు. 2012 ఆగస్టులో సుప్రీంకోర్టు దాన్ని ఖాయం చేసింది. హక్కులిస్తే కేసు సాగదు అనేవాళ్లకు చూపించాల్సిన లెక్క ఇది.

తీసుకెళ్లిన మొదటి కొన్ని గంటలు

వచ్చినవాళ్లు ఎవరో అడగండి: విశాఖ కమిషనరేటు పోలీసులా, రాష్ట్ర నిఘా విభాగమా, ఎన్ఐఏనా, వేరే రాష్ట్రం పోలీసులా? పేరు, హోదా కనబడేలా బ్యాడ్జి ఉండాలి. అరెస్టు మెమో అక్కడే రాయాలి. అందులో తేదీ, టైము ఉండాలి. కుటుంబ సభ్యుడో, ఆ వీధిలో పెద్దమనిషో సాక్షిగా సంతకం చేయాలి, అరెస్టయిన మనిషీ సంతకం చేయాలి. 1996లో డి.కె. బసు కేసులో సుప్రీంకోర్టు పెట్టిన ఈ నియమాలే ఇప్పుడు బీఎన్ఎస్ఎస్‌లో (పాత సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన చట్టం) చట్టంగా ఉన్నాయి. మిమ్మల్ని సాక్షిగా సంతకం పెట్టమంటే టైము సరిగా వేశారో లేదో చూసి పెట్టండి. తెల్లవారుజామున 4 గంటలకు తీసుకెళ్లి మెమోలో సాయంత్రం 6 అని రాస్తే, ఆ పద్నాలుగు గంటలు కాగితం మీద లేకుండా పోతాయి.

ఇల్లు సోదా చేస్తే వీడియో తీయాలి, అది ఇప్పుడు తప్పనిసరి. ఫోన్లు, ల్యాప్‌టాప్‌లు, పుస్తకాలు ఏం పట్టుకెళ్లారో మధ్యవర్తుల రిపోర్టులో రాస్తారు. దాని కాపీ అడిగి తీసుకోండి. ఫోన్ తీసుకుంటే కంపెనీ, మోడల్, ఐఎంఈఐ నంబరు, సిమ్ నంబరు రాశారా చూడండి, హ్యాష్ విలువ (అందులోని డేటా తర్వాత మారలేదని చూపించే కోడ్) నమోదు చేయమని అడగండి. ‘ఒక నల్ల రంగు సెల్ ఫోన్’ అని రాసి వదిలేస్తే, రేపు దాంట్లో ఏం దొరికిందన్నా కాదనడం కష్టం. ‘ఇక్కడొక సంతకం పెట్టమ్మా, ఫార్మాలిటీ’ అని ఖాళీ కాగితం జరిపితే మాత్రం పెట్టకండి. గట్టిగా అరవక్కర్లేదు, ‘రాసి ఇవ్వండి బాబూ, చదివి పెడతాను’ అంటే చాలు.

ఎక్కడికి తీసుకెళ్లారో చెప్పకపోతే? ముందు మీ ఏరియా స్టేషన్‌కి, తర్వాత కమిషనర్ కార్యాలయానికి వెళ్లి రాతపూర్వకంగా ఇవ్వండి, ఇచ్చినట్టు స్టాంపు వేయించుకోండి. తీసుకోకపోతే అదే కాగితం ఈమెయిల్‌లోనూ స్పీడ్ పోస్టులోనూ పంపండి, రసీదు దాచండి. ఆ రోజు గడిచినా ఆచూకీ తెలియకపోతే అమరావతిలో హైకోర్టుకు హెబియస్ కార్పస్ పిటిషన్ వేయాలి. మీరు పంపిన ఈమెయిల్, పోస్టు రసీదు అప్పుడు పనికొస్తాయి. స్టేషన్లలోనూ ఎన్ఐఏ కార్యాలయాల్లోనూ సీసీ కెమెరాలు పెట్టాలని, ఆ రికార్డు కనీసం ఏడాది ఉంచాలని 2020 డిసెంబరులో పరంవీర్ సింగ్ సైనీ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఫలానా తేదీ ఫుటేజీ భద్రపరచాలని మొదటి వారంలోనే కోర్టులో పిటిషన్ వేయించండి.

అరెస్టు కారణాలు ఉన్న కాగితం

ఈ ఒక్క కాగితం దగ్గర కాస్త ఎక్కువ సేపు ఆగుదాం. దీన్ని సరిగా ఇవ్వనందుకే పెద్ద పెద్ద కేసుల్లో అరెస్టు చెల్లకుండా పోయింది.

ఉపా కేసులో అరెస్టు కారణాలు రాతపూర్వకంగా ఇవ్వాలని 2024 మే 15న ప్రబీర్ పురకాయస్థ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. ఇవ్వలేదు కాబట్టి ఆ అరెస్టూ, రిమాండూ చెల్లవని ఆయన్ను విడిచిపెట్టమంది. 2025 నవంబరులో మిహిర్ రాజేష్ షా కేసులో ఇంకో అడుగు ముందుకు వేసింది. ఆ కారణాలు అరెస్టయిన మనిషికి అర్థమయ్యే భాషలో ఉండాలి, అక్కడికక్కడ రాసివ్వడం కుదరని పరిస్థితి అయితే కనీసం మేజిస్ట్రేటు ముందు పెట్టడానికి రెండు గంటల ముందైనా ఇవ్వాలి. వేరే రాష్ట్రం నుంచి వచ్చిన టీము హిందీలోనో ఇంగ్లీషులోనో టైపు చేసిన పేజీ ఇస్తే, తెలుగు తప్ప రానివాడికి అది ఇచ్చినట్టు కాదు.

ఆ పేజీలో ఏముందో చదవండి. ‘నిందితుడు సాక్ష్యాలు తారుమారు చేయకుండా, పారిపోకుండా, దర్యాప్తు సరిగా జరగడానికి అరెస్టు చేయడమైనది’ అని ఉంటే అవి ఎవరి అరెస్టుకైనా సరిపోయే మాటలు. కోర్టు అడిగేది అవి కాదు. ‘ఫలానా తేదీన ఫలానా ఖాతా నుంచి ఫలానా వ్యక్తికి ఇంత డబ్బు పంపినందుకు’ అన్నట్టు, ఈ మనిషి చేశాడంటున్న పని ఏమిటో అందులో ఉండాలి. కాగితం ఇవ్వకపోతే, లేదా ఇలాంటి మామూలు మాటలే ఉంటే, రిమాండ్ రోజునే లాయరు చేత రాతపూర్వకంగా అభ్యంతరం పెట్టించండి. పై కోర్టుకు వెళ్లినప్పుడు ఆ అభ్యంతరం మొదటి రోజునుంచీ రికార్డులో ఉండాలి.

మేజిస్ట్రేటు ముందు

అరెస్టయిన 24 గంటల్లో, ప్రయాణ సమయం పోను, మేజిస్ట్రేటు ముందు పెట్టాలి. ఇది రాజ్యాంగం 22వ అధికరణం. వేరే రాష్ట్రానికి తీసుకెళ్లాలంటే మామూలుగా ముందు దగ్గర్లోని మేజిస్ట్రేటు దగ్గర ట్రాన్సిట్ రిమాండ్ (అక్కడిదాకా తీసుకెళ్లడానికి అనుమతి) తీసుకుంటారు. అంటే విశాఖలో పట్టుకున్న మనిషి నేరుగా ఢిల్లీలో తేలాడని తెలిస్తే, మధ్యలో ఏ కోర్టు ఆర్డరు ఉందో అడగండి. ఎన్ఐఏ కేసయితే విశాఖ కోర్టుకు తెస్తారా, విజయవాడకు తీసుకెళ్తారా అన్నది ముందే కనుక్కోండి. సుమారు 350 కిలోమీటర్లు, లాయరు రాత్రి రైలెక్కాల్సి రావొచ్చు.

రిమాండ్‌కు ముందు వైద్య పరీక్ష చేయిస్తారు, విశాఖలో సాధారణంగా కేజీహెచ్‌కు (కింగ్ జార్జ్ ఆసుపత్రి) తీసుకెళ్తారు. అక్కడ డాక్టరు ‘దెబ్బలేమైనా ఉన్నాయా’ అని అడిగినప్పుడు పక్కన పోలీసు ఉన్నాడని లేవని చెప్పేవాళ్లు చాలామంది. మీవాడికి ఒక్క మాట అందించగలిగితే ఇది అందించండి: దెబ్బ ఉంటే డాక్టరుకు చూపించాలి, అక్కడ కుదరకపోతే మేజిస్ట్రేటుకు నోరు తెరిచి చెప్పాలి. ‘పోలీసులపై ఫిర్యాదేమైనా ఉందా’ అని మేజిస్ట్రేటు అడగడం మొక్కుబడి కాదు, ఆ జవాబు రికార్డులోకి వెళ్తుంది.

లాయరు దొరకడం

‘ఉగ్రవాదికి లాయరేమిటి’ అని ఇరుగుపొరుగు అనొచ్చు, కొన్ని ఊళ్లలో బార్ అసోసియేషన్లే వాదించకూడదని తీర్మానాలు చేశాయి. అలాంటి తీర్మానాలు చెల్లవని 2010లో మహమ్మద్ రఫీ కేసులో సుప్రీంకోర్టు కటువుగానే చెప్పింది. కస్టడీలో ఉన్న ఎవరికైనా, ఆస్తి ఆదాయాలతో పనిలేకుండా ఉచిత న్యాయ సహాయం దొరుకుతుందని న్యాయ సేవాధికార సంస్థల చట్టం చెబుతోంది. విశాఖ జిల్లా కోర్టు ఆవరణలో జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఆఫీసు ఉంది, 15100కి ఫోన్ చేసినా దారి చూపిస్తారు. డబ్బులున్నా లేకపోయినా మొదటి రిమాండ్ రోజున ఎవరో ఒక లాయరు పక్కన నిలబడి ఉండాలి. పెద్ద లాయరు కోసం వెతుకుతూ ఆ రోజు ఒంటరిగా వదిలేయకండి. పెద్దవాళ్లను తర్వాతైనా పెట్టుకోవచ్చు.

మీవాడు అప్పటికే అడవివరం సెంట్రల్ జైలుకు వెళ్లిపోయి ఉంటే, వకాలత్ (లాయరుకు వాదించే అధికారం ఇచ్చే కాగితం) మీద జైల్లోనే సంతకం చేయించి, జైలు అధికారి చేత ధ్రువీకరించుకుని లాయరు తెచ్చుకోవచ్చు.

పోలీసు కస్టడీ రోజులు

మామూలు కేసులో పోలీసు కస్టడీ 15 రోజులే, ఉపాలో 30 రోజుల దాకా అడగొచ్చు. ఆ రోజుల్లో గుర్తుంచుకోవాల్సినవి కొన్ని ఉన్నాయి. విచారణ మధ్యలో లాయర్ను కలిసే హక్కు ఉంది, అయితే మొత్తం సేపూ పక్కన కూర్చోనివ్వరు. పోలీసుల ముందు ఒప్పుకున్నది సాక్ష్యం కాదు. పాత ఉగ్రవాద నిరోధక చట్టాలైన టాడా, పోటాల్లో ఎస్పీ స్థాయి అధికారి ముందు ఒప్పుకుంటే చాలు, శిక్ష పడేది. 1995లో టాడా కాలం చెల్లింది, 2004లో పోటా రద్దయింది, ఆ నిబంధన ఉపాలోకి రాలేదు. ఇప్పటికీ చాలామందికి ఇది తెలియక ‘ఒప్పేసుకున్నాడంటగా, ఇంకేముంది’ అని కేసు వదిలేస్తారు. అయితే అతను చెప్పిన దాన్నిబట్టి ఎక్కడైనా వస్తువు దొరికితే, ఆ మేరకు అది సాక్ష్యం అవుతుంది. మేజిస్ట్రేటు ముందు ఇచ్చే వాంగ్మూలం మాత్రం పూర్తిగా వేరు, లాయరుతో మాట్లాడకుండా దానికి ఒప్పుకోకూడదు. నార్కో పరీక్ష, లై డిటెక్టర్ మనిషి ఒప్పుకోకుండా చేయకూడదని 2010లో సెల్వి కేసు తీర్పు.

మిమ్మల్ని కూడా విచారణకు రమ్మని నోటీసు ఇవ్వొచ్చు. సాక్షిగా పిలిస్తే ఆడవాళ్లను, 60 ఏళ్లు దాటిన మగవాళ్లను స్టేషన్‌కు రమ్మనకూడదు, పోలీసులే ఇంటికి రావాలి. మీరు చెప్పింది రాసుకున్న వాంగ్మూలం మీద సంతకం అడగకూడదు. మీడియాతో మాట్లాడటం మాత్రం ఆపేయండి, ఆవేశంలో అన్న ఒక్క మాట చార్జిషీటులో కనబడొచ్చు.

క్యాలెండర్లో గుర్తు పెట్టాల్సిన తేదీలు

రిమాండ్ రోజును కూడా కలిపి లెక్కపెట్టండి. 90 రోజుల్లో చార్జిషీటు వేయకపోతే బెయిలు హక్కుగా వస్తుంది. ఉపాలో దర్యాప్తు ఎందుకు పూర్తి కాలేదో చెబుతూ పబ్లిక్ ప్రాసిక్యూటర్ రిపోర్టు ఇస్తే కోర్టు దాన్ని 180 రోజుల దాకా పొడిగించొచ్చు. ఆ పొడిగింపు అడిగినప్పుడు మీవాణ్ని కోర్టులో హాజరుపరచాలి, విషయం తెలియజేయాలి. 2022లో జిగర్ కేసులో అలా చేయనందుకు పొడిగింపు చెల్లలేదు. పొడిగింపు ఇచ్చింది మేజిస్ట్రేటా, సెషన్స్ లేదా ప్రత్యేక కోర్టా అన్నదీ చూడాలి. ఆ అధికారం మేజిస్ట్రేటుకు లేదని 2020లో బిక్రమ్‌జిత్ సింగ్ కేసు తేల్చింది.

గడువు దాటిన వెంటనే, కోర్టు తలుపు తీసేసరికే పిటిషన్ సిద్ధంగా ఉండాలి. మీరు అడగకముందే చార్జిషీటు పడిపోతే ఈ హక్కు పోతుంది. కుటుంబాలు ఎక్కువగా నష్టపోయేది ఇక్కడే. లాయరు చూసుకుంటాడని వదిలేయకుండా మీరూ లెక్కపెట్టండి, వారం ముందు ఫోన్ చేసి గుర్తుచేయండి.

ప్రాసిక్యూషన్‌కు ప్రభుత్వ అనుమతి కాగితం కూడా అడగండి. ఉపా కింద వచ్చిన 2008 నియమాల ప్రకారం సాక్ష్యాలు చూసే సమీక్షా సంఘం ఏడు పనిదినాల్లో సిఫారసు చేయాలి, ఆ తర్వాత ఏడు పనిదినాల్లో ప్రభుత్వం తేల్చాలి. ఈ గడువులు తప్పనిసరి అని 2024లో సుప్రీంకోర్టు అంది. ఎఫ్ఐఆర్ కాపీ కోసం పోలీసు వెబ్‌సైట్‌లో వెతకొద్దు, ఉగ్రవాద కేసుల ఎఫ్ఐఆర్‌లు అక్కడ పెట్టాల్సిన పనిలేదు. కోర్టులో దరఖాస్తు పెట్టి సర్టిఫైడ్ కాపీ తీసుకోండి.

విదేశంలో పట్టుబడితే

ఓడల్లో పనిచేసేవాళ్లు, గల్ఫ్‌లో ఉండేవాళ్లు ఉన్న ఊరు కాబట్టి ఇది కూడా. విదేశంలో అరెస్టయితే ఆ దేశంలోని భారత రాయబార కార్యాలయ అధికారిని కలిసే హక్కు వియన్నా ఒప్పందం 36వ అధికరణం కింద ఉంది. నేవీ మాజీ అధికారి కులభూషణ్ జాదవ్‌కు 2017 ఏప్రిల్లో పాకిస్తాన్ మిలటరీ కోర్టు మరణశిక్ష వేసింది. ఈ హక్కు ఇవ్వలేదు కాబట్టి పాకిస్తాన్ ఒప్పందాన్ని ఉల్లంఘించిందని, తీర్పును సమీక్షించాలని 2019 జులైలో అంతర్జాతీయ న్యాయస్థానం చెప్పింది. మీరు చేయాల్సింది: పాస్‌పోర్టు నంబరు, కంపెనీ వివరాలు, అరెస్టయిన తేదీతో విదేశాంగ శాఖ మదద్ పోర్టల్లో ఫిర్యాదు, అదే రోజు రాయబార కార్యాలయానికి ఈమెయిల్.

బెయిలు, ఆ తర్వాత

ముందస్తు బెయిలు ఉపాలో లేదు. మామూలు బెయిలు రావడం రాకపోవడం సెక్షన్లను బట్టి ఉంటుంది, అందుకే మొదట అవి చదవండి. సెక్షన్ 10, 13 లాంటివే ఉంటే కఠిన నిబంధన వర్తించదు. 16, 17, 18, 20, 38, 39 లాంటివి ఉంటే ఉపాలోని సెక్షన్ 43డి(5) అడ్డం పడుతుంది: ఆరోపణ పైకి నిజమేనని నమ్మడానికి కారణాలున్నాయని కోర్టుకు అనిపిస్తే బెయిలు ఇవ్వకూడదు. 2019లో సుప్రీంకోర్టు ఇచ్చిన వటాలీ తీర్పు తర్వాత ఈ దశలో సాక్ష్యాలను లోతుగా తూచరు కూడా. నా ఉద్దేశంలో ఉపాలో అన్నిటికంటే అన్యాయమైన నిబంధన ఇదే. విచారణే శిక్ష అయిపోతుంది.

అయినా దారులు పూర్తిగా మూసుకుపోలేదు. ఇంట్లో పుస్తకాలు, కరపత్రాలు దొరికాయన్నదే ప్రధాన ఆరోపణ అయితే 2021 థ్వాహా ఫసల్, 2023 వెర్నన్ గొన్సాల్వెస్ తీర్పులు మీ లాయరు చేతిలో ఉండాలి. సాహిత్యం దగ్గర ఉన్నంత మాత్రాన ఉగ్రవాద నేరం కాదని వాటి సారం. పాడేరు, అరకు వైపు మావోయిస్టు సానుభూతిపరులన్న ముద్రతో వచ్చే కేసుల్లో ఇవి మరీ పనికొస్తాయి. ఏళ్ల తరబడి జైల్లో ఉండి, విచారణ తొందరగా ముగిసే ఆశ లేకపోతే 2021 నజీబ్ తీర్పు ఉంది. అందులో నిందితుడు ఐదేళ్లకు పైగా లోపల ఉన్నాడు, ఇంకా 276 మంది సాక్షులు మిగిలారు. 43డి(5) ఉన్నా బెయిలు ఇవ్వొచ్చని కోర్టు చెప్పింది. 2018 అక్టోబరులో విశాఖ విమానాశ్రయంలో జగన్మోహన్ రెడ్డిపై కోడికత్తి దాడి కేసు గుర్తుంది కదా. ఎన్ఐఏ చేతికి వెళ్లిన ఆ కేసులో నిందితుడికి హైకోర్టు బెయిలు ఇచ్చేసరికి 2024 ఫిబ్రవరి వచ్చింది. కాబట్టి ఎన్ని వాయిదాలు పడ్డాయి, ఎవరి వల్ల పడ్డాయి, ఎంతమంది సాక్షులు వచ్చారు అన్నది ప్రతి వాయిదాకూ ఒక నోటుబుక్కులో రాయండి. నజీబ్ తీర్పు మీద వేసే పిటిషన్‌కు ఆ పట్టికే ఆయువుపట్టు.

జైలు ములాఖత్‌కు వెళ్లేటప్పుడు గుర్తింపు కార్డు, పాత మందుల చీటీలు పట్టుకెళ్లండి. షుగరు, బీపీ, ఫిట్స్ లాంటివి ఉంటే జైలు డాక్టరుకు రాతపూర్వకంగా ఇవ్వండి, ఆ కాపీ లాయరుకూ ఇవ్వండి.

ప్రత్యేక కోర్టు బెయిలు కొట్టేస్తే ఎన్ఐఏ చట్టం 21వ సెక్షన్ కింద హైకోర్టుకు అప్పీలు చేసుకోవాలి, దాన్ని ఇద్దరు జడ్జిల ధర్మాసనం వింటుంది. గడువు 30 రోజులు, తగిన కారణం చూపితే 90 రోజుల దాకా. ఆర్డరు వచ్చిన రోజే సర్టిఫైడ్ కాపీకి దరఖాస్తు పెట్టండి, పెట్టిన తేదీ ఉన్న రసీదు ఫైల్లో దాచండి.